పాత పారిస్ కోసం కట్టిన కొత్త పారిస్

ఇరవయ్యో శతాబ్దం సగం గడిచేసరికి ఐరోపాలోని పాత మహానగరాలకు ఇంచుమించు ఒకే రకమైన ఇరుకు ఏర్పడింది. యుద్ధానంతరం బ్యాంకులు, బీమా సంస్థలు, చమురు కంపెనీలు పెరిగిన వేగానికి వందల మంది గుమాస్తాలూ టైపిస్టులూ ఒకే కప్పు కింద కూర్చుని పనిచేయవలసిన అవసరం వచ్చింది. దస్త్రాలకు గదులు, లెక్కల యంత్రాలకు హాళ్లు, కార్లు నిలపడానికి స్థలం కావలసి వచ్చాయి. గుర్రపు బండ్ల కాలంలో రూపు దిద్దుకున్న నగర మధ్యంలో అంత జాగా దొరకడం అసాధ్యమైంది. పారిస్ పరిస్థితి మరింత ఇరకాటమైనది. 1853 నుంచి 1870 వరకు ప్రిఫెక్టుగా, అంటే చక్రవర్తి నియమించిన పాలనాధికారిగా పనిచేసిన ఓస్మాన్ మధ్యయుగపు సందుగొందులను కూల్చి వేయించిన విశాలమైన వీథులు, వాటికి ఇరువైపులా ఒకే ఎత్తున సాగే రాతి భవనాలు ఆ నగరానికి ప్రపంచ ఖ్యాతిని తెచ్చిపెట్టినందువల్ల, ఒకప్పుడు ఓస్మాన్ ఎంత ధైర్యంగా కూల్చాడో అంత ధైర్యంగా ఆయన కట్టించినదాన్ని కూల్చడానికి తరవాతి వారికి చేతులు రాలేదు. సంపన్న కుటుంబాల కోసం కట్టిన వాటాల్లోనే పడకగదులను అధికారుల గదులుగా, భోజనశాలలను సమావేశ మందిరాలుగా మార్చుకుని కంపెనీలు సర్దుకుంటూ వచ్చాయి.

ఈ ఇరుకు నుంచి బయటపడడానికి ఫ్రెంచి ప్రభుత్వం ఎంచుకున్న స్థలం లా దెఫాన్స్. దానిని సాధారణంగా ఆధునికతకు చిహ్నంగా వర్ణిస్తారు. అద్దాల గోపురాలను చూసినవారికి అలా తోచడం సహజం. అయితే ఆ పేట పుట్టి పెరిగిన తీరును పరిశీలిస్తే అది ప్రధానంగా ఒక సంరక్షణ పథకమని, పాత పారిస్‌ను ఉన్నదున్నట్టు నిలుపుకోవడానికి చెల్లించిన మూల్యమని, ఆ మూల్యంలో పెద్ద వాటాను పారిస్ నగరవాసులు కాక ఇతరులు భరించారని తెలుస్తుంది.

ఆ స్థలాన్ని ఎంచుకోవడం వెనక మూడు వందల ఏళ్ల చరిత్ర ఉంది. పదిహేడో శతాబ్దంలో రాచతోటల నిర్మాత ల నోత్ర్ తుయిలరీ ఉద్యానం నుంచి పడమటికి ఒక నిటారు బాటను గీశాడు. ఆ బాటే కాలక్రమంలో షాంజెలీజే వీథి అయింది. 1836లో పూర్తయిన విజయ తోరణం దాని మీదనే నిలిచింది. అక్కడి నుంచి నోయీ పట్టణం మీదుగా సేన్ నదిని దాటి ఎదుటి గట్టు మీది మెరక దాకా అదే గీత సాగింది. నగర నిర్మాణ శాస్త్రంలో ఇటువంటి గీతను అక్షం అంటారు: భవనాలు, తోటలు, స్మారకాలు ఒకదాని వెనక ఒకటి ఒకే చూపులో పడేలా అమర్చడానికి ఆధారమైన ఊహారేఖ అది. మెరక మీది కూడలిలో, 1870–71 ప్రష్యా యుద్ధంలో ముట్టడికి గురైన పారిస్‌ను కాపాడిన వారి స్మృత్యర్థం, శిల్పి బారియా మలచిన కంచు విగ్రహాన్ని 1883లో ప్రతిష్ఠించారు. ఆ చోటికి పేరు విగ్రహాన్ని బట్టే వచ్చింది. 1931లోనే ఈ అక్షాన్ని తీర్చిదిద్దడానికి పోటీ పెట్టి నమూనాలు తెప్పించినా, ఆర్థిక మాంద్యం, తరవాతి యుద్ధం వాటిని కాగితాల మీదనే ఉంచాయి. పాలనాపరంగా ఆ స్థలం పారిస్‌లో లేదు. పుతో, కుర్బెవ్వా, నాంతేర్ అనే మూడు పురపాలక సంఘాల సరిహద్దులు అక్కడ కలుస్తాయి. యాభైలలో అక్కడ ఉన్నవి యంత్రాల కార్ఖానాలు, చిన్నచిన్న ఇళ్లు, కూరగాయల పెరళ్లు, వలస కూలీల గుడిసెలు.

మొదట లేచినది ఆఫీసు భవనం కాదు, ప్రదర్శనశాల. సీఎన్ఐటీ అనే పొట్టి పేరుతో నేటికీ నిలిచి ఉన్న ఈ కట్టడాన్ని పరిశ్రమల యంత్రాలను ప్రదర్శించడానికి ఉద్దేశించి 1958లో పూర్తి చేశారు. త్రికోణాకారపు స్థలం మీద మూడంటే మూడే చోట్ల నేలకు ఆని, ఆ ఆనికల మధ్య 218 మీటర్ల దూరాన్ని ఒక్క స్తంభమైనా లేకుండా దాటే దాని కాంక్రీటు కప్పు, ఇంజనీరు నికొలా ఎస్కియాఁ పనితనానికి నిదర్శనం. ఆ తరవాత లా దెఫాన్స్‌లో ఎంత ఎత్తైన భవనాలు వచ్చినా, నిర్మాణ సాహసంలో దానికి సాటి రాగలిగినవి బహు తక్కువ.

అదే సంవత్సరం సెప్టెంబరులో ప్రభుత్వం ఏపాద్ అనే సంస్థను స్థాపించింది. ఈ సంస్థ పనిచేసిన పద్ధతే లా దెఫాన్స్ కథకు కీలకం. ఇది పురపాలక సంఘం కాదు, ప్రైవేటు కంపెనీ కాదు. ఒక నిర్దిష్టమైన ప్రాంతాన్ని తీర్చిదిద్దే పని కోసమే రాజ్యం ఏర్పరచిన ప్రభుత్వ సంస్థ. నిర్ణీత సరిహద్దుల్లోని భూమిని చట్టప్రకారం సేకరించడం, అక్కడి వారికి పరిహారమిచ్చి వేరే చోట ఇళ్లు చూపడం, రోడ్లూ సొరంగాలూ మురుగు కాల్వలూ నిర్మించడం దాని బాధ్యతలు. ఈ ఖర్చుకు కావలసిన ధనాన్ని అది నిర్మాణ హక్కుల అమ్మకం ద్వారా రాబట్టుకునేది. నిర్మాణ హక్కు అంటే ఒక స్థలంలో ఇన్ని చదరపు మీటర్ల అంతస్తు వైశాల్యం కట్టుకోవచ్చునని ఇచ్చే అనుమతి. బీమా కంపెనీ ఒకటి యాభై వేల చదరపు మీటర్ల ఆఫీసు కట్టదలిస్తే, ఆ యాభై వేలకూ లెక్కగట్టి సంస్థకు వెల చెల్లించవలసిందే. నేల మీద ఆకాశాన్ని కొలిచి అమ్మే ఈ ఏర్పాటులో గొప్ప సౌలభ్యం ఉంది: ఎత్తు పెరగడం వల్ల పుట్టే లాభంలో కొంత భాగం నేరుగా కింది రోడ్లకూ రైళ్లకూ చేరుతుంది. ప్రమాదమూ అందులోనే ఉంది: అమ్మకాలు సాగకపోతే ఆదాయం లేదు గనుక, అప్పుల్లో ఉన్న ఏ సంవత్సరమైనా మరికొంత ఎత్తుకు ఒప్పుకోవాలన్న ఒత్తిడి సంస్థ మీద పడుతుంది. ఆ ఒత్తిడి ఎంతటిదో డెబ్బైలలో బయటపడింది.

సేకరించిన నేల మీద కట్టిన అత్యంత విచిత్రమైన నిర్మాణం గోపురాల్లో ఏదీ కాదు, వాటి పాదాల దగ్గరి చప్టా. నగరంలో నివాసం, పని, వినోదం, రాకపోకలు అనే నాలుగింటినీ వేటికవిగా విడదీయాలన్న వాదాన్ని వాస్తుశిల్పి ల కోర్బ్యూజియే, ఆయన సహచరులు 1933 నాటి సమావేశంలో రూపొందించారు. ఏథెన్స్ పత్రం పేరుతో ప్రసిద్ధమైన ఆ సిద్ధాంతాన్ని లా దెఫాన్స్‌లో అమలుచేసినంత నిష్ఠగా ఐరోపాలో మరెక్కడా అమలు చేయలేదనడం అతిశయోక్తి కాదు. సుమారు 31 హెక్టార్ల మేర పరచిన కాంక్రీటు చప్టా మీద కాలినడకన వెళ్లేవారు మాత్రమే తిరుగుతారు. దాని కింద రహదారులు, రైలు మార్గాలు, బస్సు నిలయం, కార్ల నిలుపు స్థలాలు, సరుకుల రవాణా దారులు అంతస్తులు అంతస్తులుగా సాగుతాయి. ఒక్క కారు కూడా అడ్డురాకుండా భవనం నుంచి భవనానికి నడిచి వెళ్లడం చిన్న సౌఖ్యం కాదు. అయితే వీథి అనేదే లేకుండా పోయినందువల్ల, గోపురాల మధ్య ఈదురుగాలులు వీచే ఆ విశాలమైన తిన్నె ఆఫీసు వేళలు ముగియగానే బోసిపోయేది. కొత్తగా వచ్చినవారికి ఏ మెట్లు దిగితే ఎక్కడ తేలతామో తెలిసేది కాదు. అంతకంటె పెద్ద లోపం, చుట్టూ కోటకందకంలా తిరిగే వలయ రహదారి. పక్కనే ఉన్న పుతో, కుర్బెవ్వా పాత వీథుల నుంచి లా దెఫాన్స్‌కు నడిచి రావడం దశాబ్దాల పాటు ఎంత కష్టమైందంటే, ఆ రహదారిని నగర వీథిగా మార్చే పనికి తరవాతి తరాలు పూనుకోవలసి వచ్చింది.

1964లో ఆమోదం పొందిన ప్రణాళిక ప్రకారం ఆఫీసు గోపురాలన్నీ ఒకే కొలతతో ఉండాలి: పొడవు 42 మీటర్లు, వెడల్పు 24 మీటర్లు, ఎత్తు 100 మీటర్లు. కిటికీకి ఎవరూ మరీ దూరంగా కూర్చోకూడదన్నది ఆ వెడల్పులోని ఉద్దేశం. గోపురాలన్నీ ఒకే మట్టాన నిలిచి అక్షపు గంభీరతను చెరపకుండా ఉండాలన్నది ఆ ఎత్తులోని ఉద్దేశం. ఈ తరానికి చెందిన వాటిలో 1966 నాటి నోబెల్ గోపురం ముఖ్యమైనది. దాని బయటి గోడ భవనపు బరువును మోయదు. లోపలి చట్రానికి తగిలించిన అద్దాలు, లోహపు పలకల తెర మాత్రమే అది, దానిని వాస్తు నిపుణులు తెరగోడ అంటారు. జాక్ తాతి తన ప్లేటైమ్ చిత్రంలో ఇటువంటి భవనాల మధ్య దారితప్పిన మనుషులను చూపించి నవ్వించినది ఆ మరుసటి ఏడాది, 1967లోనే. అందులో యాత్రికులకు ఈఫిల్ గోపురం అద్దాల తలుపుల మీది ప్రతిబింబంగానే కనిపిస్తుంది. లా దెఫాన్స్ మీద వెలువడిన విమర్శ గ్రంథాలలో కొన్నింటికంటె ఆ ఒక్క దృశ్యం ఎక్కువ చెబుతుంది.

కంపెనీలు అడిగింది వంద మీటర్లకు మించిన ఎత్తు, లోతైన అంతస్తులు. సంస్థ అంగీకరించింది. డెబ్బైల తొలినాళ్లలో లేచిన రెండో తరం గోపురాలు అంతకు ముందువాటికి దాదాపు రెట్టింపు ఎత్తువి. వాటి మధ్యభాగంలో పనిచేసే ఉద్యోగులకు పగటి వెలుతురు అందదు, విద్యుద్దీపాలూ యంత్రాల గాలీ వారికి ఆధారం. వీటిలో ఒకటైన గాన్ గోపురం లేస్తున్నప్పుడు, షాంజెలీజేలో నిలబడి చూసేవారికి విజయ తోరణం వెనక ఆకాశంలో కొత్త ఆకారం పొడుచుకు రావడంతో 1972లో పత్రికలలో పెద్ద రభస చెలరేగింది. మరుసటి ఏడాది పారిస్ లోపలే, మోంపర్నాస్ రైల్వే స్టేషను పక్కన, 210 మీటర్ల గోపురం పూర్తయింది. నగరంలో ఏ మూల నుంచి చూసినా కంటబడే ఆ నల్లని దిమ్మె ప్రజల సహనాన్ని పరీక్షించగా, 1977 నాటి నిబంధనలు నగరం లోపల భవనాల ఎత్తును అంచు ప్రాంతాలలో 37 మీటర్లకు, మధ్య ప్రాంతాలలో 25 మీటర్లకు పరిమితం చేశాయి. చాలామంది విమర్శకులు ఈ నిబంధనను, లా దెఫాన్స్‌ను వేర్వేరు అధ్యాయాలుగా చెబుతారు. నిజానికి అవి ఒకే నిర్ణయానికి ఉన్న రెండు పార్శ్వాలు. పడమట నది దాటితే ఎంత ఎత్తైనా కట్టుకునే వీలు ఉన్నందువల్లనే నగరం లోపల 37 మీటర్ల దగ్గర గీత గీయడం సాధ్యమైంది. ఆ వీలు లేకపోతే పెట్టుబడిదారుల ఒత్తిడికి ఆ గీత పదేళ్లు కూడా నిలిచేది కాదు.

1973 చమురు సంక్షోభంతో ఆఫీసులు కొనేవారు లేకుండా పోయారు. కట్టిన అంతస్తులు ఖాళీగా పడి ఉన్నాయి, నిర్మాణ హక్కుల అమ్మకం ఇంచుమించు నిలిచిపోయింది, సంస్థ అప్పుల్లో కూరుకుపోయింది. 1978లో ప్రభుత్వం చేయూతనిచ్చే దాకా ఆ స్తబ్ధత వీడలేదు. అయినా లా దెఫాన్స్ కుప్పకూలకపోవడానికి ఒక కారణం భూమి కింద ఉంది. నగరం అడుగున లోతైన సొరంగాల ద్వారా శివార్లను కలిపే వేగవంతమైన రైలు వ్యవస్థ ఆర్ఈఆర్‌లో మొదటి మార్గం, 1970 నాటికే విజయ తోరణం ఉన్న ఎత్వాల్ కూడలి నుంచి లా దెఫాన్స్‌కు చేరింది. అప్పటికి అక్కడ పనిచేస్తున్నవారు ఆ రైలుకు తగినంత మంది లేరు; రైలే ముందు వెళ్లి జనం కోసం వేచి ఉంది. 1977లో ఆ మార్గం నగర మధ్యం గుండా తూర్పు శాఖతో కలిశాక, పెట్టెలు కిక్కిరిసి, ఐరోపాలోనే అత్యంత రద్దీ మార్గాలలో ఒకటైంది. మెట్రో ఒకటో నంబరు మార్గం 1992లో నది దాటింది. మరో ఆర్ఈఆర్ మార్గం 2024 మే నెలలో వచ్చి చేరింది.

అధ్యక్షుడు మిత్తెరాఁ హయాంలో అక్షపు చివర ఏముండాలన్న పాత ప్రశ్నకు జవాబు దొరికింది. 1983లో అంతర్జాతీయ పోటీలో నెగ్గిన డెన్మార్క్ వాస్తుశిల్పి స్ప్రెకెల్సెన్ అప్పటికి సొంత దేశంలో తన ఇల్లు, కొన్ని చర్చిలు మినహా పెద్దగా కట్టినవాడు కాదు. ఆయన ప్రతిపాదించినది సుమారు 110 మీటర్ల కొలత గల, నడుమ బోలుగా ఉన్న ఘనం. దారిని మూసివేయక, అక్షాన్ని తన గుండా ఆవలికి పోనిచ్చే తోరణం. భూగర్భంలో అప్పటికే అల్లుకుపోయిన రైలు, రహదారి సొరంగాల మధ్య పునాదులకు చోటు చూడవలసి రావడంతో భవనాన్ని అక్షానికి ఆరు డిగ్రీలకు కాస్త పైగా పక్కకు తిప్పి నిలబెట్టారు. అక్షానికి రెండో కొసన ఉన్న లూవ్ర్ రాజప్రాసాదపు ప్రాంగణం కూడా ఇంచుమించు అంతే వాలుగా ఉండడం ఒక చిత్రమైన పోలిక. నిర్మాణంలో మార్పులకు విసిగి స్ప్రెకెల్సెన్ 1986లో తప్పుకొని మరుసటి ఏడాది మరణించగా, పోల్ ఆంద్రూ పనిని పూర్తి చేశాడు. 1989 జూలైలో, ఫ్రెంచి విప్లవపు ద్విశతాబ్ది ఉత్సవాలలో ఆ తోరణం గ్రాండ్ ఆర్ష్ పేరుతో ప్రారంభమైంది. దాని తెల్లని చలువరాతి పలకలు పాతికేళ్లు గడవక ముందే దెబ్బతిని, వాటి చోట గ్రానైటు వేయవలసి వచ్చింది.

మూల్యం ఎవరు చెల్లించారన్న ప్రశ్నకు సమాధానం నాంతేర్ వైపు చూస్తే దొరుకుతుంది. అక్కడి లా ఫోలీ మైదానంలో, యాభై, అరవై దశకాలలో, అల్జీరియా నుంచి వచ్చిన కూలీలు రేకులతో, చెక్కలతో వేసుకున్న గుడిసెల వాడ ఉండేది. పారిస్ ప్రాంతపు నిర్మాణ స్థలాలలో ఇటుకలు మోసినవారిలో అనేకులు అటువంటి వాడలలోనే బతికారు. భూసేకరణ హద్దుల్లో పడిన ఆ వాడను డెబ్బైల తొలినాళ్లకు తొలగించారు. పుతో, కుర్బెవ్వా పురపాలక సంఘాలకు ఆఫీసుల మీది స్థానిక పన్ను కట్టలు తెంచుకుని రావడంతో అవి దేశంలోని ధనిక సంఘాల జాబితాలోకి ఎక్కాయి. ఉద్యోగులు నివసించే తూర్పు శివార్ల సంఘాలకు అందులో దక్కింది స్వల్పం. సుమారు లక్షా 80 వేల మంది అక్కడ పనిచేస్తుంటే, నివసించేవారు అందులో చిన్న భాగం మాత్రమే. ఉద్యోగాలు పడమట, అందుబాటు ధర ఇళ్లు తూర్పున ఉన్నందువల్ల, మార్న్ లోయలోని కొత్త పట్టణాల జనం రోజూ ఉదయం మహానగరాన్ని ఈ కొస నుంచి ఆ కొసకు దాటుతారు. ఇటీవలి ఏళ్లలో ఇంటి నుంచి పనిచేసే పద్ధతి బలపడి ఆఫీసులకు గిరాకీ తగ్గినందున, పాత గోపురాలలో కొన్నింటిని విద్యార్థి వసతులుగా, నివాసాలుగా మార్చే ఆలోచన సాగుతోంది. నివాసాన్నీ పనినీ విడదీసిన ఏథెన్స్ పత్రపు సూత్రానికి ఇంతకంటె స్పష్టమైన తిరస్కారం ఉండదు.

లండన్‌లో పాత ఓడరేవు మీద లేచిన కానరీ వార్ఫ్, దక్షిణ బొంబాయి ఒత్తిడిని తగ్గించడానికి ఉద్దేశించిన బాంద్రా–కుర్లా సముదాయం కూడా లా దెఫాన్స్‌లా పాత నగరపు ఇరుకును బయటికి మళ్లించే పేటల కోవకు చెందినవే. తెలుగువారికి అన్నిటికంటె దగ్గరి ఉదాహరణ హైదరాబాద్ పడమటి అంచున ఉంది. 1591లో గోల్కొండ కోట ఇరుకు నుంచి బయటపడడానికి మూసీ ఆవలి గట్టున చార్మినార్ చుట్టూ వెలసిన ఈ నగరం మొదట్లో తానే ఒక బయటి పేట. నాలుగు శతాబ్దాల తరవాత, 1998 నవంబరు 22న ప్రధాని వాజపేయి మాదాపూర్‌లో సైబర్ టవర్స్‌ను ప్రారంభించడంతో, నగరపు బరువు మళ్లీ గోల్కొండ దిక్కుకే మొగ్గింది. ఇక్కడా ప్రభుత్వం చొరవ చూపింది, 2001లో సైబరాబాద్ అభివృద్ధి సంస్థను నెలకొల్పింది. తేడా మరో చోట ఉంది. స్థలపు వైశాల్యానికి ఎన్ని రెట్లు అంతస్తు వైశాల్యం కట్టవచ్చో చెప్పే నిష్పత్తిని ఎఫ్ఎస్ఐ అంటారు. 2006లో హైదరాబాద్‌లో ఆ పరిమితిని ఎత్తివేసి, భవనపు ఎత్తును ప్రధానంగా ముందున్న రోడ్డు వెడల్పుతో ముడిపెట్టారు. కొంత రుసుము మినహా, ఎత్తు వల్ల పుట్టిన విలువ స్థల యజమానికే మిగిలింది. పారిస్‌లో అదే విలువను ప్రభుత్వ సంస్థ అమ్మి చప్టానూ సొరంగాలనూ నిర్మించింది. ఎంఎంటీఎస్ స్టేషను ఒకటి ముందే ఉన్నప్పటికీ, మెట్రో రైలు హైటెక్ సిటీకి చేరినది 2019 మార్చి 20న, అంటే సైబర్ టవర్స్ వెలసిన ఇరవై ఏళ్ల తరవాత.

కొత్త పేట లేవడంతో పారిస్ మధ్యానికి ఎత్తు పరిమితి రూపంలో ఒక కవచం దొరికింది. హైదరాబాద్ పాతబస్తీకి అటువంటి ఫలితం దక్కలేదు. పెట్టుబడి పడమటికి తరలిపోగా అది మరుగున పడిందే తప్ప, ఆ తరలింపు పేరు మీద దానికి రక్షణగానీ రైలుగానీ రాలేదు. ఫలక్‌నుమా దాకా వేయాలని తొలి ప్రణాళికలోనే చేర్చిన మెట్రో మార్గం 2020 ఫిబ్రవరిలో ప్రారంభమైనప్పుడు, మహాత్మాగాంధీ బస్ స్టేషను దగ్గర, చార్మినార్‌కు ఇవతలే ఆగింది.